ఊపిరి కోసం ఆగే చోట

మా అన్న రోమెక్ వంతెన దాటి వెళ్ళిపోయిన రోజు నాన్న భోజనం మానలేదు. క్యాబేజీ సూప్ ఇంకాస్త పొయ్యమని గిన్నె ముందుకు జరిపాడు. అమ్మ గరిటె పట్టుకుని అలాగే నిలబడిపోయింది.

"వాడేడీ?" అన్నాడు నాన్న, ఖాళీ కుర్చీ వైపు చూడకుండా.

"వెళ్ళిపోయాడు," అన్నాను.

"పనికా?"

"కాదు. అటువైపుకి."

అటువైపు అంటే మా బఫెలోలో ఎవరికీ విడమరిచి చెప్పక్కర్లేదు. నదికి ఇవతల అమెరికా, అవతల కెనడా. నడిచి వెళ్ళినా వంతెన దాటడానికి అరగంట పట్టదు. 1970 వేసవిలో సైన్యం నుంచి పిలుపు అందుకున్న కుర్రాళ్ళలో కొందరు ఆ వంతెన ఎక్కేవారు. వియత్నాం తప్పేది. దాంతోపాటు ఇల్లూ తప్పిపోయేది. మళ్ళీ ఇటు అడుగు పెడితే చేతులకు సంకెళ్ళు పడతాయి.

నాన్న చెంచా కింద పెట్టాడు. సెవెరిన్ వాల్చక్ అంటే మా పేటలో తెలియనివాళ్ళు లేరు. వారమంతా ఉక్కు ఫ్యాక్టరీలో బొగ్గు బట్టీల దగ్గర పని. ఆదివారం మా పోలిష్ చర్చిలో ఆర్గన్ ముందు కూర్చుని కీర్తనలకు వాయించేవాడు. పాతికేళ్ళ కిందటి యుద్ధంలో ఇటలీ కొండల్లో పోరాడి వచ్చిన మనిషి.

"నన్ను పిలిచినప్పుడు నేను వెళ్ళాను," అన్నాడు. "మా నాన్నకి ఇంగ్లీషు ముక్క రాదు. అయినా తనే స్టేషన్‌కి వచ్చి నన్ను రైలెక్కించాడు. ఇక వాడి పేరు ఈ ఇంట్లో వినపడకూడదు. హెలెన్కా, సూప్‌లో ఉప్పు తగ్గింది."

"ఉప్పు నీ ఎదురుగానే ఉంది," అంది అమ్మ. గరిటె గిన్నెలో వదిలేసి, వెళ్ళి పెరటి గుమ్మంలో కూర్చుంది.

రోమెక్ వెనక ఒక రికార్డు పూర్తికాకుండా ఆగిపోయి ఉంది.

మాది నలుగురి బృందం. రోమెక్ ఆర్గన్, టూహీ డ్రమ్స్, లెన్ గిటార్. ఫ్లూటూ పాటా నావి. బృందం పేరు ఐస్ బూమ్. చలికాలంలో సరస్సులోని మంచుగడ్డలు నదిలోకి కొట్టుకురాకుండా మా ఊరివాళ్ళు దుంగలను గొలుసుతో కట్టి అడ్డంగా వేస్తారు. దాని పేరే మేం పెట్టుకున్నాం. ఆ రోజుల్లో రేడియోలో పాటంటే మూడు నిమిషాలు. రోమెక్‌కి అది చాలేది కాదు. రికార్డుకి ఒక వైపంతా ఒకే పాట రాశాడు. గడ్డకట్టిన సరస్సు మీద దారి తప్పిన మనిషి కథ అది. ఏడు దెబ్బల తాళంలో నడుస్తుంది.

మేం ఇంటి కింద గదిలో సాధన చేస్తుంటే నాన్న ఒకసారి మెట్ల మీద నిలబడి విన్నాడు.

"మనిషికి ఉన్నవి రెండు కాళ్ళు. ఏడుతో ఎవడు నడుస్తాడు?" అన్నాడు.

"తాగినవాడు నడుస్తాడు నాన్నా," అన్నాడు రోమెక్. "జీతాల రోజున మీ ఫ్యాక్టరీ గేటు దగ్గర చూడు, ఊరంతా ఏడులోనే నడుస్తుంది."

నాన్న నవ్వు దాచుకుంటూ మెట్లెక్కి వెళ్ళిపోయాడు. అది వసంతకాలంలో మాట.

జూన్ వచ్చేసరికి రికార్డింగ్ దాదాపు పూర్తయింది. పెద్ద పాట నడుమ ఒక ముక్క మాత్రం మిగిలింది. అక్కడ డ్రమ్స్, గిటార్ ఆగిపోతాయి. ఆర్గన్ మీద నా గొంతొక్కటే వినిపించాలి. నాలుగు పాదాలు, ఒడ్డున ఉన్నవాళ్ళను పిలిచే పాట. రోమెక్ దాన్ని "ఇంకా పండలేదు" అంటూ వాయిదా వేస్తూ వచ్చాడు. అది పండేలోపు సైన్యం పిలుపు వచ్చింది.

గిల్ ఫార్బర్ న్యూయార్క్ నుంచి దిగాడు. రికార్డు కంపెనీ తరఫున మా బాధ్యత అతనిది. కడుపుమంట మాత్రలు వక్కపలుకుల్లా నములుతూ స్టూడియోలో అటూ ఇటూ తిరిగాడు.

"ఆర్గన్ వాయించేవాళ్ళు నాకు చాలామంది తెలుసు. ఒక్క ఫోన్ కొడితే రేపటికి ఇక్కడుంటాడు," అన్నాడు.

"అది రోమెక్ పాట," అన్నాను.

"రోమెక్ పాటే అమ్మాయ్. రోమెక్ ఏడీ? ఆగస్టు ఆఖరుకి టేపు నా చేతిలో పడాలి. లేదంటే మావాళ్ళు మీ పేరే మర్చిపోతారు."

అతను సిగరెట్ కోసం బయటికి వెళ్ళాక టూహీ డ్రమ్ము మీద కర్రతో చిన్నగా తట్టాడు. టూహీ ఐరిష్ వాళ్ళ పిల్లాడు, ఒక కన్ను సరిగా కనపడదని సైన్యం వద్దంది.

"ఇర్కా," అన్నాడు నాతో, "ఆ వంతెన మీ అన్నకి అడ్డం. మనకి కాదుగా. వాడు రాలేకపోతే పోయాడు, టేపు వస్తుందిగా."

ఆ మాట పట్టుకునే ఆ వేసవంతా నేను నిలబడ్డాను. రోమెక్ ఇంటికి రాలేడు. కనీసం వాడి చేతులు వాయించింది ఇంటికి రావాలి. మా నాన్న చెవిన పడాలి. అంతకు మించి నాకింకేమీ అక్కర్లేదు.

*

జూలైలో ఒక శనివారం నేనూ టూహీ వాడి పాత కారులో వంతెన దాటాం. స్టూడియో నుంచి అరువు తెచ్చిన బ్యాటరీ టేప్ రికార్డర్ వెనక సీట్లో ఉంది. నా ఒళ్ళో అమ్మ ఇచ్చిన డబ్బా, నిండా కూర పెట్టి మడిచిన పిరోగీలు.

ఆ డబ్బా వెనక ఒక చిన్న యుద్ధమే నడిచింది. ముందురోజు సాయంత్రం అమ్మ పిండి మడుస్తూ ఉంటే నాన్న చూశాడు.

"ఈ ఇంట్లో ఉన్నది ముగ్గురం. ఇన్ని ఎవరికి?"

"నీకే. సూప్ రెండుసార్లు తాగే మనిషివి, పిరోగీలు వదిలిపెడతావా?" అంది అమ్మ తల ఎత్తకుండా.

నాన్న ఇంకేమీ అడగలేదు. పొద్దున డబ్బా కనపడకపోయినా అడగలేదు.

రోమెక్ వంతెన పక్కనే ఉన్న హోటల్లో గిన్నెలు కడుగుతున్నాడు. నెల తిరక్కుండానే మణికట్లు ఎర్రబడి పొక్కిపోయాయి. మమ్మల్ని చూసి ముందు డబ్బా మూత తీశాడు. నిలబడే రెండు పిరోగీలు నోట్లో వేసుకున్నాడు.

"అమ్మకి చెప్పు, ఉల్లిపాయ బాగా వేగిందని."

"నువ్వే చెప్పొచ్చుగా, ఫోన్ లేదా?" అన్నాడు టూహీ.

"ఫోన్ ఎత్తేది ఎవరో నీకు తెలీదా?"

ఊరి చివర ఒక చిన్న చర్చి ఉంది. ఆదివారాలు కీర్తనలకు వాయిస్తానంటే అక్కడి ఫాదర్ రోమెక్‌కి తాళంచెవి ఇచ్చాడు. ఆయన మాకు ఎదురై చెయ్యి కలిపాడు.

"మంచి కుర్రాడు. ఒకటే చిక్కు," అన్నాడు. "మావాళ్ళు గబగబా పాడేసి ఇంటికెళ్ళి తినే రకం. ఇతను ప్రతి పాదం దగ్గరా ఆగుతాడు. అందరి భోజనాలూ చల్లారిపోతున్నాయి."

ఆయన మాటకు మేం నవ్వుకున్నాం. రికార్డింగ్ మొదలయ్యాక నవ్వు రాలేదు.

టూహీ ముందు బెంచీలో కూర్చుని కర్రతో లెక్క వేస్తున్నాడు. ఒకటి రెండు, ఒకటి రెండు, ఒకటి రెండు మూడు. రోమెక్ మొదటి పాదం వాయించాడు. ఆ చిన్న చర్చి కిటికీలు సన్నగా అదిరాయి. పాదం అయిపోయింది. రెండోది మొదలవడానికి ముందు టూహీ కర్ర గాల్లో ఉండిపోయింది.

"ఆగావు," అన్నాడు టూహీ.

"ఆగలేదు," అన్నాడు రోమెక్.

"ఆగావురా బాబూ. ఏడు కాస్తా తొమ్మిదైంది. నా చెయ్యి చూడు, ఇంకా పైనే ఉంది."

మళ్ళీ మొదటినుంచి చివరిదాకా వాయించాడు. మళ్ళీ అంతే. మూడోసారి పళ్ళు బిగించి వాయించాడు. రెండు పాదాలు దాటాక అంతకు ముందుకన్నా ఎక్కువ ఆగడంతో టూహీ ఆపించాడు. ఆగుతున్నట్టు రోమెక్‌కి తెలియడమే లేదు.

నాకు తెలిసింది. చిన్నప్పుడు మా ఇద్దరినీ నాన్న చర్చిలో పై మేడ మీద ఆర్గన్ పక్కన కూర్చోబెట్టుకునేవాడు. రోమెక్ కాళ్ళు పెడల్స్‌కి అందని రోజులవి. "వేళ్ళదేముంది, ఎవరైనా ఆడిస్తారు," అనేవాడు. "కింద రుమాళ్ళు కట్టుకున్న ముసలమ్మలున్నారు చూడు. పాదం అయ్యాక వాళ్ళు ఊపిరి పీలుస్తారు. ఆ చప్పుడు విను. అది వినపడ్డాకే చెయ్యి వెయ్యి. నువ్వు తొందరపడితే వాళ్ళు దేవుడి దగ్గరికి ఆయాసపడుతూ వెళ్ళాలి." రోమెక్ పదేళ్ళు ఆ చప్పుడు విని పెరిగాడు. గిటార్లూ డ్రమ్సూ ఉన్నంతసేపు వాడి ఏడు ఏడులాగే ఉండేది. ఆర్గనూ గొంతూ మాత్రమే మిగిలితే వాడు మా చర్చి మేడ మీదికి వెళ్ళిపోయేవాడు.

ఆ మాట చెప్పాను. రోమెక్ ఆర్గన్ మీట ఒకదాన్ని చప్పుడు రాకుండా నొక్కి వదిలాడు.

"నిజమే," అన్నాడు. "ఇప్పుడు తెలిసింది కాబట్టి మానేస్తాను. ఇంకొక్కసారి."

తలుపు తోసుకుని పూలబుట్టలతో నలుగురు ఆడవాళ్ళు వచ్చారు. సాయంత్రం పెళ్ళట. బెంచీలకు రిబ్బన్లు కట్టాలట. టేపు మీద నాలుగు పాదాలూ పూర్తిగా ఉన్నది రెండోసారి వాయించినదొక్కటే. దాన్నే పెట్టెలో సర్దుకున్నాం.

కారు దగ్గర రోమెక్ అడిగాడు. "ఆయన ఏమంటున్నాడు?"

"ఏమీ అనడు."

"ఆదివారాలు వాయిస్తున్నాడా?"

"వాయిస్తున్నాడు."

"అయితే సరే," అన్నాడు. ఆ ఒక్క సంగతి చాలన్నట్టు తల ఊపాడు.

వంతెనకు ఇవతల అమెరికా అధికారి కారు ఆపాడు. వెనక సీట్లోకి తొంగిచూశాడు.

"ఆ పెట్టెలో ఏముంది?"

"మా అత్తగారి గురక సార్," అన్నాడు టూహీ. "సాక్ష్యం కోసం కోర్టుకి తీసుకెళ్తున్నాం."

అధికారి ముఖంలో ఏ మార్పూ లేదు. "పెట్టు. వింటాను."

టేపు తిప్పాను. ఆర్గన్ మోగింది. అతను టోపీ కాస్త వెనక్కి జరుపుకున్నాడు.

"చర్చి పాటా? ఎవరు వాయించారు?"

"అక్కడి చర్చిలో ఆదివారాలు వాయించే ఆయన," అన్నాను. అందులో అబద్ధం లేదు.

పాదం అయిపోయింది. ఆర్గన్ ఆగింది. అధికారి పెట్టె వైపు, నా వైపు చూశాడు.

"బ్యాటరీలు అయిపోయాయా?"

అంతలో రెండో పాదం అందుకుంది. అతను చెయ్యి ఊపి పొమ్మన్నాడు. టూహీ రెండు వీధులు దాటాక కారు పక్కకి ఆపి, స్టీరింగ్ మీద తల పెట్టుకుని కాసేపు ఉండిపోయాడు.

*

రోమెక్ అటు వెళ్ళాడన్న కబురు మా పేటలో పాకడానికి ఎక్కువ రోజులు పట్టలేదు. సాసేజీల కొట్టు దగ్గర వరసలో అమ్మకు ముందు పాని పిలార్స్కా నిలబడి ఉంది. మా వైపు పెద్దావిడను పాని అని పిలవడం మర్యాద. ఆమె కొడుకు స్టాషెక్ రోమెక్‌తో కలిసి చదివాడు. మార్చిలో వియత్నాం నుంచి పెట్టెలో వచ్చాడు.

"మీవాడు బాగున్నాడా, పాని వాల్చక్?" అని అడిగింది.

"బాగున్నాడు," అంది అమ్మ మెల్లగా.

"నావాడికి వంతెన కనపడలేదు," అంది ఆమె. సాసేజీలు తీసుకోకుండానే వెళ్ళిపోయింది.

ఆమెను తప్పు పట్టడం నాకు అప్పుడూ చేతకాలేదు, ఇప్పుడూ చేతకాదు.

ఆ వచ్చిన ఆదివారం పూజకు చర్చి నిండుగా ఉంది. మొదటి కీర్తనకు నాన్న పై నుంచి ముందుమాటలా కొన్ని స్వరాలు వాయించాడు. పాట అందుకోవాల్సిన చోట ముందు బెంచీలో పాని పిలార్స్కా పెదవులు బిగించుకుని నిలబడింది. ఆమె పక్కనున్న ఆవిడ ఆమెను చూసింది. ఆవిడా నోరు విప్పలేదు. అలా ఒక్కో బెంచీ వెనక్కి మూగబోయింది. అమ్మ గొంతు, నా గొంతు, వెనకెక్కడో ఒక ముసలాయన గొంతు మిగిలాయి. మొదటి పాదం అయింది.

నాన్న ఆగాడు.

ఊపిరి పీల్చే చప్పుడు కోసం ఆగాడు. అంత పెద్ద చర్చిలో ఎవరో బెంచీ మీద చేతిసంచి పెట్టిన చప్పుడు వినపడింది. నాన్న ఇంకా ఆగాడు. నేను వెనక్కి తిరిగి చూడలేకపోయాను. చివరికి రెండో పాదం మొదలైంది. కీర్తన ఆఖరి వరకూ అలాగే వాయించాడు. ప్రతి పాదం చివరా ఆగడం మానలేదు.

పూజ అయ్యాక ఫాదర్ ఆయన భుజం మీద చెయ్యి వేసి ఏదో చెప్పాడు. కొన్నాళ్ళు బడిలో సంగీతం చెప్పే సిస్టర్ వాయిస్తుందట. గొడవ సద్దుమణిగేదాకా.

"గొడవేముంది ఫాదర్, ఎవరూ ఏమీ అనలేదుగా," అన్నాడు నాన్న. మేడ తాళంచెవి ఆయన చేతిలో పెట్టాడు.

ఇంట్లో కొడుకు పేరు ఎత్తనివ్వని మనిషి ఆ కొడుకు పేరనే ఆర్గన్ పోగొట్టుకున్నాడు. తర్వాతి ఆదివారం నుంచి మా ఇద్దరి మధ్య కింద బెంచీలో కూర్చునేవాడు. చేతులు ఎక్కడ పెట్టుకోవాలో ఆయనకు తెలిసేది కాదు.

*

ఆగస్టులో ఒక మధ్యాహ్నం కింద గదిలో టేపు పెట్టుకుని నా పాట సాధన చేస్తున్నాను. పాదాల మధ్య ఆ ఆగే చోట్లు నాతో కలవడం లేదు. ఒకచోట ముందుగా అందుకుంటున్నాను, ఇంకోచోట వెనకబడుతున్నాను.

మెట్ల మీద బరువైన బూట్లు ఆగాయి. నాన్న డ్యూటీ నుంచి వచ్చాడు. మెడ మీద బట్టీ మసి ఇంకా ఉంది. టేపు ఆపబోయాను.

"ఉండనీ," అన్నాడు.

నాలుగు పాదాలూ విన్నాడు. ఎవరు వాయించారని అడగలేదు.

"ఎవరి కోసం ఆగుతున్నాడు?" అన్నాడు. "అక్కడ పాడేవాళ్ళు ఎవరూ లేరుగా."

ఆయనకు నా జవాబుతో పని ఉన్నట్టు లేదు. పైమెట్టు మీదే కూర్చున్నాడు.

"మళ్ళీ వెయ్యి."

మళ్ళీ వేశాను. ఈసారి పాడాను. ఆయన కళ్ళు మూసుకుని విని తల అడ్డంగా ఊపాడు.

"పాదం మధ్యలో దొంగతనంగా ఊపిరి పీలుస్తున్నావు. అందుకే నీకు ఆ ఖాళీ ఎక్కువనిపిస్తోంది. అయినా నీ తప్పు కాదులే. ఒక్క గొంతుకి అంత చోటు అక్కర్లేదు. వాడు చర్చినిండా మనుషులకి ఇచ్చాడు."

'వాడు' అన్నాడు నాన్న. జూన్ తర్వాత రోమెక్‌ని ఎలాగైనా తలచుకోవడం అదే మొదటిసారి. నేను కదిలితే ఆ మాట వెనక్కి తీసుకుంటాడేమోనని టేపు వైపే చూస్తూ ఉండిపోయాను.

"శుక్రవారం స్టూడియోలో పాడాలి," అన్నాను చివరికి. "గిల్‌కి ఆ ఖాళీలు నచ్చలేదు. బ్లేడుతో కోసేస్తానంటున్నాడు."

"శుక్రవారం నాకు సెలవు," అన్నాడు నాన్న. లేచి స్నానానికి వెళ్ళాడు.

*

గిల్ ఫార్బర్ అప్పటికే బల్ల మీద టేపు పరిచి, ఖాళీలున్న చోట తెల్ల పెన్సిల్‌తో గీతలు పెట్టి ఉంచాడు. పక్కన కొత్త బ్లేడు.

"చూడమ్మాయ్. పాటంతా ఏడు. ఇక్కడికొచ్చేసరికి ఏ లెక్కా లేదు. వినేవాడు రికార్డు గీసుకుపోయిందనుకుంటాడు. మూడు చోట్ల కోసి అతికిస్తే ఎవరికీ తెలీదు. ఆర్గన్ అలాగే ఉంటుంది."

"ముందు పాట ఎక్కించండి. అప్పుడు వినండి," అన్నాను.

"తేడా ఉండదు." అంతలో తలుపు దగ్గర నిలబడ్డ మనిషిని చూశాడు. ఆదివారపు కోటు, చేతిలో టోపీ. "ఈయనెవరు?"

"మా నాన్న."

"సంతోషం సార్. అక్కడ కుర్చీ ఉంది."

నాన్న కుర్చీ వైపు వెళ్ళలేదు. నా వెనకే గాజు గదిలోకి వచ్చి మైకు ముందు నా పక్కన నిలబడ్డాడు. గిల్ నోరు తెరిచి టూహీ వైపు చూశాడు. టూహీ భుజాలు ఎగరేశాడు.

"మీరూ పాడతారా?" అన్నాడు గిల్ స్పీకర్లోంచి.

"కింది స్వరం," అన్నాడు నాన్న.

టేపు తిరిగింది. నదికి అటువైపు చర్చిలోని ఆర్గన్ మా చెవుల్లోకి వచ్చింది. నాన్న నా వైపు చూడలేదు. పాట రాసి ఉన్న కాగితమూ చూడలేదు. ఎప్పుడు నేర్చుకున్నాడో పదాలన్నీ వచ్చు. మొదటి పాదం ఇద్దరం కలిసి ముగించాం. ఆర్గన్ ఆగింది. నాన్న ఊపిరి పీల్చాడు. బట్టీల పొగ పాతికేళ్ళు తిన్న ఛాతీ అది. లోపలెక్కడో తుప్పుపట్టిన తలుపు తెరిచినట్టు చప్పుడైంది. ఆర్గన్ అందుకుంది, మేమూ అందుకున్నాం.

రెండో పాదం తర్వాతా అంతే. మూడో పాదం పొడుగైనది. అది ముగిసేసరికి ఆయన మెడ నరాలు ఉబ్బాయి. పీల్చడం మొదలుపెట్టాడు. ఊపిరి సగం లోపలికి వెళ్ళిందో లేదో ఆర్గన్ వచ్చేసింది. నాలుగో పాదం సగం ఊపిరితోనే పాడాడు. చివరి మాట దగ్గర ఆయన గొంతు లేదు, పెదవులు మాత్రం కదిలాయి.

గిల్ బ్లేడును కాగితంలో చుట్టి జేబులో పెట్టుకున్నాడు.

"ఖాళీలు ఉండనిద్దాం," అన్నాడు. "కానీ ఆయన ఊపిరి చప్పుడు బాగా వినపడుతోంది. ఇంకోసారి పాడితే మైకు దూరంగా పెడతాను."

"చర్చిలో రెండోసారి ఉండదు," అన్నాడు నాన్న. టోపీ పెట్టుకున్నాడు.

బస్సులో ఇంటికి వస్తుంటే కిటికీలోంచి నది, వంతెన కనపడ్డాయి. నేను ధైర్యం చేశాను.

"ఈ ఆదివారం నాతో రా నాన్నా. అరగంట పని. మధ్యాహ్నానికి ఇంట్లో ఉంటాం."

ఆయన వంతెన మలుపు తిరిగి కనుమరుగయ్యేదాకా చూశాడు.

"స్టాషెక్ వాళ్ళమ్మ ముందు బెంచీలో కూర్చుంటుంది," అన్నాడు. "నేను అటు వెళ్ళి వచ్చి, ఆవిడ వెనక ఎలా కూర్చోను?" టోపీ తీసి ఒళ్ళో పెట్టుకున్నాడు. "నేను పాడానని వాడికి చెప్పకు. అట్ట మీద నా పేరూ వెయ్యొద్దు. మాట ఇవ్వు."

మాట ఇచ్చాను.

*

రికార్డు నవంబరులో వచ్చింది. ఒక పత్రికలో ఎవరో ఆ నడిమి ఘట్టం గురించి, ఇంత క్లిష్టమైన తాళం ఇంతవరకూ ఏ బృందమూ ప్రయత్నించలేదని రాశాడు. టూహీ ఆ కాగితం డ్రమ్ము మీద అంటించుకుని వచ్చినవాళ్ళందరికీ చూపించి నవ్వాడు. రికార్డు పెద్దగా అమ్ముడుపోలేదు. రోమెక్ లేకుండా వేదికలెక్కడం మాకు చేతకాలేదు, బృందం చలికాలం దాటలేదు.

సైన్యం తప్పించుకున్నవాళ్ళకు క్షమాభిక్ష వచ్చి రోమెక్ ఇటు అడుగు పెట్టడానికి ఆ తర్వాత ఆరేళ్ళు పైనే పట్టింది. నాన్న అన్నాళ్ళు ఉండలేదు. వంతెన దాటనూ లేదు.

మొదటి ప్రతి నేనే పట్టుకెళ్ళాను. నదిలో అప్పుడే పలచని మంచు తేలుతోంది. రోమెక్ హోటల్ పైనున్న గదిలో ఉండేవాడు. అట్ట అటూ ఇటూ తిప్పి మా అసలు పేర్లు చదువుకున్నాడు. ఆర్గన్, రోమన్ వాల్చక్. పాట, ఐరీనా వాల్చక్. పెద్ద పాట ఉన్న రెండో వైపు పెట్టి, మంచం అంచున కూర్చున్నాడు. డ్రమ్స్ దగ్గర టూహీని మెచ్చుకున్నాడు, గిటార్ ఒకచోట శ్రుతి తప్పిందని లెన్‌ని తిట్టాడు.

నడిమి ఘట్టం వచ్చింది. నా గొంతు కింద ఇంకో గొంతు మొదలవగానే మాట ఆపేశాడు. మొదటి పాదం అయి ఖాళీ వచ్చింది. రోమెక్ నెమ్మదిగా లేచాడు. రెండో ఖాళీ దాటింది. మూడోదీ దాటింది. పాట చివరికంటా విని, ముల్లు ఎత్తి వెనక్కి పెట్టాడు. మూడో పాదం చివర ఆ తుప్పుపట్టిన తలుపు మళ్ళీ సగం తెరుచుకుంది, మళ్ళీ వాడి ఆర్గనే వచ్చి దాన్ని మూసేసింది.

వాడు నన్ను ఏమీ అడగలేదు. మాట ఇచ్చాను కాబట్టి నేనూ ఏమీ చెప్పలేదు. చెవి స్పీకరుకి దగ్గరగా పెట్టి ఇంకోసారి విన్నాడు. తర్వాత ముల్లు పైకెత్తి చేత్తో పట్టుకునే అన్నాడు.

"ఇక్కడ నేను ఇంకాస్త ఆగాల్సింది."